చివరి రెండు స్టేషన్ల మధ్య

రైలు ఎన్ని గంటలకు వస్తుందో చెప్పడం జ్యోతిషం కాదు, కూడిక. ఆ కూడిక బాగా తెలిసినవాడని ఆఫీసులో అతనికి నిమిషాల మాస్టారని పేరు పెట్టారు. శివారు ఊళ్ల జనాన్ని పొద్దున్నే నగరంలో పనులకు మోసుకొచ్చి, సాయంత్రం మళ్లీ ఇళ్ల దగ్గర దింపే రైళ్ల లైను అది. మొత్తం పద్నాలుగు స్టేషన్లు. ఒక స్టేషను నుంచి ఇంకో స్టేషనుకు బండి ఎన్ని నిమిషాల్లో పోతుంది, ఎక్కేవాళ్లూ దిగేవాళ్లూ తెమిలేసరికి ఎంతసేపు ఆగుతుంది, వానొచ్చినా సిగ్నలు మొండికేసినా తట్టుకోవడానికి ఎంత వెసులుబాటు ఉంచాలి, ఇదంతా లెక్కగట్టి వేళల పట్టిక రాయడం అతని ఉద్యోగం. పదిహేడేళ్లుగా అదే కుర్చీ, అదే బల్ల, అదే చెక్క స్కేలు.

మొన్నమొన్నటిదాకా ఆ లైనుకు మంచిపేరు లేదు. వంద బళ్లలో అరవైయే వేళకు చేరేవి. పై ఆఫీసరు తన పైవాళ్ల దగ్గర తిన్న తిట్లు మోసుకొచ్చి కిందవాళ్లకు తలా ఇంత పంచేవాడు. ఒకరోజు మాస్టారిని పిలిచి, కొత్త బళ్లు రావు, వేగం పెంచడానికి పట్టాలు ఒప్పుకోవు, అయినా సరే ఆ అంకె మాత్రం తొంభై దాటాలన్నాడు. పామూ చావాలి, కర్రా విరగకూడదు.

మాస్టారు మూడు రోజులు బుర్ర గోక్కున్నాడు. నాలుగో రోజు తట్టింది. ఆలస్యాన్ని కొలిచేది ఒక్క చివరి స్టేషన్లోనే. మధ్యలో బండి ఎప్పుడొచ్చిందో రాసుకునే నాథుడే లేడు. ఇంకేం, దారి పొడవునా అక్కడో నిమిషం ఇక్కడో అరనిమిషం చొప్పున ఉంచిన వెసులుబాటునంతా ఊడ్చి తెచ్చి చివరి రెండు స్టేషన్ల మధ్య పోగేశాడు. నాలుగు నిమిషాల దూరానికి పట్టికలో పది నిమిషాలు పడ్డాయి. మధ్య స్టేషన్ల వేళలు పాతవే ఉంచి, బండి బయల్దేరే వేళను మాత్రం ఆరు నిమిషాలు వెనక్కి నెట్టాడు. దారిలో బండి ఎంత డేకినా, ఆ ఆఖరి ముక్కలో ఆలస్యమంతా కరిగిపోయి, చివరి స్టేషనుకు పెళ్లికొడుకులా వేళకు వచ్చి నిలబడేది. అంకె తొంభై ఆరుకు చేరింది. మాస్టారికి మెచ్చుకోలు పత్రం ఇచ్చారు. దాన్ని అద్దంలో బిగించి బల్ల వెనక గోడకు కొట్టారు.

మధ్య స్టేషన్లలో దిగేవాళ్ల సంగతి అతను ఆలోచించలేదా అంటే, ఆలోచించాడు. ఆ మాట దాచి లాభం లేదు. ఐదారు నిమిషాలకు ఎవరి కొంప మునుగుతుందిలే అనుకున్నాడు.

అతని అక్క దిగేది పదకొండో స్టేషన్లో. అక్కడినుంచి పన్నెండు నిమిషాలు నడిస్తే పెద్దాసుపత్రి బట్టలు ఉతికే షెడ్డు వస్తుంది. దుప్పట్లూ, రోగుల గౌన్లూ మడతపెట్టడం ఆమె పని. గేటు దగ్గర ఒక గడియారం పెట్టె ఉంటుంది. అందులో కార్డు పెట్టి మీట నొక్కితే వచ్చిన వేళ దానిమీద అచ్చుపడుతుంది. ఏడున్నర దాటితే ఎర్రసిరాలో పడుతుంది.

ఒక ఆదివారం మధ్యాహ్నం అక్క తమ్ముడింటికి వచ్చింది. వచ్చీరాగానే మరదలితో నాలుగు కబుర్లాడే మనిషి, ఆ రోజు కుర్చీ అంచున కూర్చుని సంచిలోంచి ఒక కాగితం తీసి తమ్ముడి చేతిలో పెట్టింది. మూడు నెలల్లో పందొమ్మిది ఎర్రగుర్తులు పడ్డాయనీ, గురువారం మేనేజరు ముందుకొచ్చి సంజాయిషీ ఇచ్చుకోవాలనీ, అది సరిగా లేకపోతే ఉద్యోగం ఉండదనీ అందులో ఉంది. బావ నడుం దెబ్బతిని ఇంట్లో పడి రెండేళ్లయింది. ఆ ఇల్లు నడిచేది అక్క మడతపెట్టే దుప్పట్ల మీదే.

అతను కాగితం మడిచాడు. మూడు నెలలు అన్న మాటే బుర్రలో ఉండిపోయింది. కొత్త పట్టిక అమల్లోకి వచ్చి సరిగ్గా మూడు నెలలు.

అక్క మాత్రం రైలును పల్లెత్తు మాటనలేదు. జరిగిందంతా తనమీద తనే జోకులేసుకుంటూ చెప్పింది. తమ్ముడి పట్టిక ప్రకారం బండి ఏడూ పద్నాలుగుకు పదకొండో స్టేషన్లో ఆగుతుంది. ఆగగానే ఆమె రోజూ తన చేతిగడియారాన్ని ఏడూ పద్నాలుగుకు తిప్పుకునేది. పరుగెత్తని రోజున గేటు దగ్గరికి వెళ్లేసరికి తన గడియారంలో ఏడూ ఇరవై ఆరు, పెట్టెలో ఏడూ ముప్పై రెండు. మొదట్లో పెట్టె తప్పని దెబ్బలాడింది. మేనేజరు రేడియోలో టైము వినిపించి చూపిస్తే అందరూ నవ్వారు. సరే, తన గడియారమే పాడైందనుకుని కొత్తది కొంది. కొత్తది బండి ఆగేసరికి ఏడూ ఇరవై చూపించింది. కొట్టువాడు అంటగట్టాడని వెనక్కిచ్చేసి, వాడితోనూ పోట్లాడింది.

"రైలు తప్పయ్యే ప్రసక్తి లేదు కదా, రాసింది నువ్వాయె," అంది అక్క. "కాబట్టి తేడా నాలోనే ఉందిరా. నడుస్తూ నడుస్తూ మధ్యలో ఎక్కడో ఆగిపోతున్నానేమో, అది నాకే తెలియడం లేదేమో. మా అత్తగారికి చివర్లో అలాగే అయింది. మీ బావకు చెప్పలేదు, భయపడతాడని."

ఇదిగో, ఇక్కడే అతను నోరు తెరవాల్సింది. అక్క కళ్లలో ఉన్నది మామూలు దిగులు కాదు, మతి పోతోందేమోనన్న భయం. ఒక్క మాటతో తీసేయొచ్చు. కానీ ఆ ఒక్క మాటా నోటిదాకా వచ్చి, మెచ్చుకోలు పత్రం గుర్తొచ్చి, పై ఆఫీసరు గుర్తొచ్చి, మళ్లీ కడుపులోకి జారిపోయింది. అక్క అడిగింది సంజాయిషీ రాసిపెట్టమని. మంచి భాషలో రాయమంది. అతను రాశాడు. మోకాళ్ల నొప్పుల వల్ల నడక మందగించిందనీ, ఇకనుంచి ముందు బండికే వస్తాననీ గుండ్రటి అక్షరాలతో రాశాడు. ముందు బండి అంటే గంట ముందు. ఆ గంటలోనే ఆమె బావకు స్నానం చేయించి, తిండి పెట్టి బయల్దేరాలి. అక్క చదువుకుని, ఎంత బాగా రాశావురా అంది. అతనికి తల కొట్టేసినట్టయింది.

మంగళవారం పొద్దున అతను అదే బండి ఎక్కాడు. పదిహేడేళ్లలో ఆ వేళప్పుడు ఆ బండి ఎక్కడం అదే మొదలు. పట్టిక రాసేటప్పుడు స్టేషనులో బండి ఎంతసేపు ఆగాలో చూడటానికి అతను వెళ్లింది పదకొండింటికి, ప్లాట్‌ఫారం మీద పిల్లీ కుక్కా తప్ప ఎవరూ లేనప్పుడు. అరనిమిషం చాలని రాసుకొచ్చాడు. ఇప్పుడు చూస్తే ఐదో స్టేషనులోనే తలుపు దగ్గర జనం ఒకరి మీద ఒకరు పడుతున్నారు. దిగేవాళ్లను దిగనివ్వండమ్మా అని ఎవరో అరుస్తున్నారు. నిమిషం దాటినా బండి కదల్లేదు.

పదకొండో స్టేషను వచ్చేసరికి ఏడూ ఇరవై. బండి పూర్తిగా ఆగకముందే తలుపులన్నిటిలోంచీ మనుషులు దూకి మెట్లవైపు పరుగు తీశారు. ఒకరో ఇద్దరో కాదు, రైలు పెట్టెలకు పెట్టెలే ఖాళీ అయ్యాయి. టిఫిను డబ్బాలు చంకన పెట్టుకున్నవాళ్లు, చెప్పులు చేత్తో పట్టుకున్నవాళ్లు, కడుపుతో ఉండి గోడవారగా గబగబా నడుస్తున్న ఒకామె. వాళ్లలో అక్క కనిపించింది. యాభై మూడేళ్ల మనిషి కొంగు నడుముకు చుట్టి, రెండేసి మెట్లు ఎక్కుతోంది. మెట్ల పైన ఒక్క క్షణం ఆగి, మణికట్టు వంక చూసి, గడియారం ముల్లును వెనక్కి తిప్పింది. మళ్లీ పరుగెత్తింది.

అతను స్తంభం వెనక్కి జరిగాడు. ఎవరూ అతన్ని చూడటం లేదు, చూసినా ఎవరికీ తెలియదు, అయినా మొహం దాచుకున్నాడు. గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టుంది అతని పరిస్థితి. ఆఫీసుకు వెళ్లాక అటెండరు పలకరిస్తే కూడా ఉలిక్కిపడ్డాడు.

గురువారం అతను సెలవు పెట్టి అక్కతో వెళ్లాడు. తోడొస్తున్నాడని ఆమె మురిసిపోయింది. మేనేజరు గది నిండా సబ్బు వాసన. ఆయన కర్కోటకుడేమీ కాదు, కళ్లజోడు తుడుచుకుంటూ కూర్చోమన్నాడు. అక్క ఇచ్చిన సంజాయిషీ చదివి పక్కన పెట్టి, ఫైల్లోంచి ఇంకో కాగితం తీశాడు. రైళ్ల ఆఫీసుకు రాసి కనుక్కున్నామనీ, ఆ బండి నూటికి తొంభై ఆరుసార్లు వేళకే నడిచిందని జవాబు వచ్చిందనీ చెప్పాడు. కాగితం అడుగున మాస్టారి సంతకం ఉంది. అలాంటివి నెలకు పాతిక దాకా అతని బల్ల మీదికి వస్తాయి. ఎవరు అడిగారో, ఎందుకు అడిగారో చూడకుండానే గీకి పారేస్తాడు.

అక్క ఆ సంతకం గుర్తుపట్టింది. "వీడిదేనండీ," అంది మేనేజరుతో. "నేను ముందునుంచీ చెబుతూనే ఉన్నా కదా, రైలుది తప్పు కాదని."

అతను లేచి నిలబడ్డాడు. ఎందుకు నిలబడ్డాడో అతనికే తెలియదు, కూర్చుని చెప్పగలిగే మాట కాదనిపించింది.

"ఆ బండి రోజూ ఆరు నిమిషాలు ఆలస్యంగానే వస్తుందండీ," అన్నాడు. "వస్తుందని తెలిసే ఏడూ పద్నాలుగని రాశాను. చివరి స్టేషన్లో లెక్క బాగా కనబడాలని మధ్యవాళ్ల నిమిషాలు తీసేశాను. మా అక్క మోకాళ్లు బాగానే ఉన్నాయి. ఆ సంజాయిషీ కూడా నేను రాసిన అబద్ధమే."

మేనేజరు కళ్లజోడు పెట్టుకుని అతన్ని పరకాయించి చూశాడు. ఇదంతా కాగితం మీద రాసి సంతకం పెట్టగలరా అన్నాడు. పెడితే ఆ కాగితం ఎక్కడెక్కడికి పోతుందో, ఏ బల్లలు ఎక్కుతుందో, చివరికి తన కుర్చీ ఉంటుందో ఊడుతుందో మాస్టారికి బాగా తెలుసు. అయినా రాశాడు. ఈసారి అక్షరాలు గుండ్రంగా రాలేదు.

మేనేజరు నోటీసు మీద అడ్డగీత కొట్టి, ఎర్రగుర్తులు రద్దు చేస్తున్నట్టు రాశాడు. ఉద్యోగం నిలబడింది. అక్క ఇంకా కుర్చీలోనే ఉంది. తమ్ముడి వంక చూడకుండా, చాలా మెల్లగా, "అయితే నాకు మతి పోవడం లేదన్నమాట," అంది. ఆ తర్వాత ఆమె మొహంలో తెరిపి వస్తుందనుకున్నాడు. రాలేదు.

"మరి ఆ ఇస్త్రీ అమ్మాయి?" అంది మేనేజరుతో.

ఆయన కిటికీలోంచి బయటికి చూశాడు. ఇస్త్రీ బల్ల దగ్గర పనిచేసిన ఒకమ్మాయి, అదే బండిలో వచ్చేది, అవే ఎర్రగుర్తులు. రైలే ఆలస్యమని ఆమె మొత్తుకుంది. నిజమేనా అని మేనేజరు అక్కను పిలిచి అడిగాడు. రైలు వేళకే వస్తుంది, పట్టిక రాసేది నా తమ్ముడే, మేమే మెల్లగా నడుస్తున్నామని అక్క నలుగురి ముందూ చెప్పింది. ఆలస్యం ఒకటి, పైగా అబద్ధం ఒకటి అని ఆ అమ్మాయిని తీసేశారు. నెలైంది. ఆమె చోటులో వేరే మనిషిని పెట్టుకున్నామనీ, ఇప్పుడు చేయగలిగిందేమీ లేదనీ మేనేజరు చెప్పాడు.

తిరుగు బండిలో అక్క అతని పక్కన కూర్చోలేదు. ఎదురుగా ఖాళీ ఉన్నా తలుపు దగ్గరే నిలబడింది. తిట్టినా బాగుండును, రెండు తగిలించినా బాగుండునని అతను కూర్చున్నచోటే కుమిలిపోయాడు. చిన్నప్పుడు ఏదైనా పగలగొడితే వీపు మీద ఒకటి వేసి, ఐదు నిమిషాల్లో మళ్లీ దగ్గరికి తీసుకునేది. ఇప్పుడు ఆమె కోపం తెచ్చుకునే హక్కు కూడా తనకు లేదన్నట్టు నిలబడి ఉంది. ఆ పాపంలో ఆమెకూ ఒక పిడికెడు పంచిపెట్టాడు కదా తను.

అక్క ఉండే మూడో స్టేషన్లో ఇద్దరూ దిగారు. అక్క ఇంటివైపు తిరగలేదు. రైల్వే గేటు అవతలి సందుల్లోకి నడిచింది. ఎక్కడికని అతను అడగలేదు. సందు చివర బట్టలారేసిన మెట్ల కింద ఒక గది. అక్క తలుపు తట్టింది.

తలుపు తీసిన అమ్మాయికి పాతికేళ్లుంటాయి. చేతులకు పిండి అంటుకుని ఉంది. అక్కను చూసి ఆమె మొహం ముడుచుకుపోయింది, కానీ తలుపు వెయ్యలేదు.

"ఆ రోజు నువ్వు చెప్పిందే నిజమమ్మా," అంది అక్క. "నేను చెప్పింది తప్పు. నీ పని పోగొట్టింది నేనే."

ఆ అమ్మాయి చూపు అక్క భుజం మీదుగా వెనక నిలబడ్డ మనిషి మీద ఆగింది. "ఈయనెవరు?" అని అడిగింది.

అతను అక్క వైపు చూశాడు. ఎక్కడికి తీసుకెళ్లినా, ఎవరు అడిగినా అడక్కపోయినా, వీడు నా తమ్ముడని అందరికంటే ముందు అక్కే చెప్పేది. ఇప్పుడు ఆమె తల పక్కకు తిప్పుకుని, ఆరేసిన బట్టలవైపు చూస్తూ ఊరుకుంది. అమ్మాయి ఇంకా అతన్నే చూస్తోంది. తను ఎవరో అతనే చెప్పుకోవలసి వచ్చింది.