గుమ్మంలో మొహం

"మా ఇంట్లో కామెడీకి టీవీ ఎందుకండీ, మా ఆవిడ వంట చాలు!" అని భర్త అన్న మాటకి ఆ ఆదివారం భోజనాల బల్ల చుట్టూ ఉన్నవాళ్లంతా పడీ పడీ నవ్వారు. అందరికంటే గట్టిగా నవ్వినవాడు భోజనానికి వచ్చిన దర్శకుడు, ఆమె ఎడిటర్‌గా పనిచేసే కామెడీ సీరియల్ ఆయనదే. నవ్వి ఊరుకున్నాడా? ఊరుకుంటే దర్శకుడెందుకవుతాడు! నెల తిరక్కుండా ఆ మాటను సీరియల్లో పెట్టేశాడు. ఇప్పుడది ఎడిటింగ్ గదిలో, ఆమె ముందే, తెర మీద ఆడుతోంది.

భార్య వేషం వేసిన నటి రెండు చేతులా గిన్నె పట్టుకుని వంటింటి గుమ్మంలోకి వస్తుంది. బల్ల చుట్టూ ఉన్న చుట్టాల ముందు భర్త ఆ మాటంటాడు. మొదటి రెండు టేకుల్లోనూ నటి రాసిచ్చినట్టే మూతి తిప్పి నవ్వేసింది. మూడోదాంట్లో ఏమైందో ఏమో, గుమ్మంలో ఆగిపోయి గిన్నెలోకి చూస్తూ నిలబడింది. ఖర్మకొద్దీ మిగతావాళ్ల నటన బాగా కుదిరింది ఆ టేకులోనే.

"ఆ మొహం తీసెయ్యమ్మా. మాట అవగానే తిన్నగా చుట్టాల నవ్వు మీదికి వెళ్లిపో. పొద్దున్నే వచ్చి చూస్తా," అనేసి దర్శకుడు వెళ్లిపోయాడు.

ఇది ఆమెకు ఒకరు చెప్పాలా? జోకు ఎవరికి తగిలిందో వాళ్ల మొహం చూపిస్తే నవ్వు చచ్చిపోతుందని పని నేర్పిన పెద్దాయన మొదటి వారమే చెప్పాడు. అప్పట్నుంచి ఎన్ని మొహాలు తీసేసిందో! బట్టతల మామలవి, లావుపాటి ఆడపడుచులవి, పనిమనుషులవి. ఆమె చెయ్యి పడితే నవ్వనివాడుండడని పేరు. ఈ మొహాన్నీ తీసేసి చూసింది. నవ్వొచ్చింది, నిజంగానే. పెట్టి చూసింది. తెర మీంచి చూపు తిప్పేసుకుంది. మళ్లీ తీసింది. మళ్లీ నవ్వొచ్చింది. అదే మాట, అదే మనిషి, ఇదేం చోద్యం? పోనీ ఆ ఆదివారం తన మొహం ఎలా ఉందో గుర్తు తెచ్చుకుందామంటే, ఎంత తన్నుకున్నా బల్ల చుట్టూ కూర్చున్నవాళ్ల పళ్లే కనిపిస్తున్నాయి. తను ఎక్కడా లేదు. నొచ్చుకుందా? నొచ్చుకుంటే ఇన్నాళ్లూ తనకే తెలియకుండా ఉంటుందా? లేక అయినదానికీ కానిదానికీ అనుమానపడే జబ్బేదైనా పట్టుకుందా? ఏమీ పాలుపోక యంత్రం కట్టేసి ఇంటికి వచ్చేసింది.

ఉతికిన బట్టలు మడతపెడుతూ అడిగేసింది. "ఏమండీ, ఆ రోజు నా వంట మీద జోకేశారే, అప్పుడు నేను నవ్వానా?"

"నవ్వకేం? అందరికంటే ముందు నువ్వే నవ్వావు," అన్నాడు భర్త, ఫోన్లోంచి తలెత్తకుండా. "జోకుల మీద బతికేదానివి, ఆమాత్రం నవ్వలేవూ?"

పక్కన బఠాణీలు ఒలుస్తున్న అత్తగారు చెయ్యి ఆపింది.

"ఎక్కడ నవ్విందిరా? గిన్నె కాలిపోతున్నా అలాగే పట్టుకుని గుమ్మంలో నిలబడిపోయింది. నేనే లేచి వెళ్లి అందుకున్నాను."

అని, మళ్లీ తన బఠాణీల్లో పడిపోయింది.

ఆమె అరచేతులు చూసుకుంది. ఏ గుర్తూ లేదు. రోజూ కూరకు వంక పెట్టందే ముద్ద మింగని అత్తగారు, ఆవిడ చూసిందా! చూసి ఇన్నాళ్లూ ఒక్కమాట అనలేదా? ఆవిణ్ని పట్టుకుని ఏడవాలో, ఆవిడతో పోట్లాడాలో తెలియక, మడతపెట్టిన చొక్కానే విప్పి మళ్లీ మడతపెట్టింది.

పొద్దున్నే దర్శకుడు టీ కప్పుతో వచ్చి కూర్చున్నాడు. తెర మీద భర్త మాట అయింది. గుమ్మంలో మొహం వచ్చింది. ఉంది. ఇంకా ఉంది. దర్శకుడు కుర్చీలో అటూ ఇటూ కదిలాడు.

"ఏమ్మా, మతి పోయిందా? ఎంతసేపు ఉంచుతావు ఆ మొహం?"

"ఆవిడ నవ్వేదాకా సార్."

"ఈ టేకులో ఆవిడ నవ్వలేదుగా!"

"అవును సార్," అంది ఆమె. "నవ్వలేదు."