వాన పడితేనే వచ్చే మాట

నేను ఒక ఖాళీ డీవీడీగా పుట్టాను. మనుషులు కూడా ఖాళీగానే పుడతారంటారు గాని, వాళ్ళకు పుట్టగానే ఏడవడమైనా వస్తుంది. మాకు అదీ రాదు. నా మీద సినిమా బొమ్మ లేదు, మెరుపు కాగితం లేదు. ఒక ప్లాస్టిక్ ఊచకు నాలాంటివాళ్ళం ఒకరి మీద ఒకరం గుచ్చుకుని, మంచిర్యాల హోల్‌సేల్ దుకాణం నుంచి మందమర్రికి బస్సు సీటు కింద వచ్చాం. మాలో కొందరికి పెళ్ళి వీడియోలు రాసిపెట్టి ఉన్నాయి, కొందరికి అయ్యప్ప భజనలు. నాకు క్రికెట్ రాసిపెట్టి ఉంది.

మమ్మల్ని కొన్నది సదానందం. మార్కెట్ వెనక సందులో అతనికి వీడియో గేముల దుకాణం ఉండేది. కొన్ని టీవీలు, వాటికి తగిలించిన గేమ్ మిషన్లు, గంటకింతని అద్దె. అప్పటికే ఆ మిషన్లు పాతబడ్డాయి, హైదరాబాదులో కొత్త రకాలు వచ్చేశాయి. సదానందం వాటి జోలికి పోలేదు. ఉన్న మిషన్లలోనే చిన్న చిప్ వేయించి, మాలాంటి కాపీ డిస్కులను కూడా అవి చదివేలా చేసుకున్నాడు. మమ్మల్ని దొంగ సరుకు అనేవాళ్ళూ ఉన్నారు. అన్నవాళ్ళే సాయంత్రమైతే వచ్చి ఆడేవాళ్ళు.

సదానందానికి ఒక పిచ్చి ఉండేది. క్రికెట్ ఆటను కంప్యూటర్లో విప్పదీసి, లోపలి సరుకు మార్చేవాడు. ఆటలో ఉన్న తెల్లదొరల పేర్లు పీకేసి మందమర్రి టోర్నమెంటు ఆటగాళ్ళ పేర్లు పెట్టాడు. ముఖాలు మార్చడం మాత్రం చేతకాలేదు. దాంతో బొగ్గుబాయిలో పనిచేసే రాజేశం నీలికళ్ళతో, ఎర్రజుట్టుతో లండన్ మైదానంలో పరుగెత్తుకొచ్చి బంతి వేసేవాడు. అందరూ పగలబడి నవ్వారు. రాజేశం నవ్వలేదు. డ్యూటీ దిగి నేరుగా దుకాణానికొచ్చి, అద్దె కట్టి మరీ తనను తాను చూసుకునేవాడు.

పేర్లు మారాయి గాని వ్యాఖ్యానం ఇంగ్లీషులోనే ఉండిపోయింది. దాన్ని కూడా మార్చాలంటే గొంతు కావాలి. మందమర్రిలో గొంతు అంటే ఓదెలుదే.

ఓదెలుకు మైకు కట్టిన ఆటో ఉండేది. కొత్త సినిమా వచ్చినా, చీరల సేలు పెట్టినా, కరెంటు పోతుందన్నా ఊరికి ముందు తెలిసేది అతని గొంతుతోనే. ఎండాకాలం టోర్నమెంట్లలో కామెంట్రీ కూడా అతనిదే. ఆట చూడ్డానికి కాక, ఓదెలు మాట వినడానికి వచ్చి కూచునే ముసలివాళ్ళు ఉండేవారట. ఇదంతా నేను చూసింది కాదు. నా మీద రాసినదాన్ని బట్టి నమ్ముతున్నాను.

రికార్డింగు దుకాణంలోనే జరిగింది. షట్టరు సగం దించి, ఫ్యాను ఆపి, ఆటో మైకునే తెచ్చి కంప్యూటరుకు తగిలించారు. కాని ఒక చిక్కు ఉంది. పాత మాట ఎంత జాగా తీసుకుందో కొత్త మాట అందులోనే పట్టాలి. కొంచెం మించినా ఆట బిగుసుకుపోతుంది. ఒక్క బంతిని పట్టుకుని టీ చల్లారేదాకా మాట్లాడే మనిషికి ఇది పెద్ద శిక్ష.

"గింత చిన్న సంచిల నా సిక్సరు ఎట్ల పడ్తదిరా సదానందం?" అన్నాడట ఓదెలు.

"కుదించు అన్నా. ఇంగ్లీషోడు రెండు ముక్కలల్ల ఖతం చేసిండు."

"ఆనికి ఆకలైతుండొచ్చు," అని ఓదెలు గొంతు సవరించుకున్నాడు.

అలా కుదిరినవే నా మీద ఉన్న మాటలు. 'లేసింది, లేసింది, బాయి గోడ అవతల పడ్డది.' ఔటైతే, 'పాయె. ఇగ బ్యాటు సంకల పెట్టుకొని నడువు.' పరుగుకు పిలుపు, 'ఉరుకు ఉరుకు ఉరుకు.' సగం దూరం పోయి తిరిగి రావాల్సి వస్తే, 'వద్దొద్దు, ఎన్కకు మర్లు.' అన్నీ చిన్న చిన్న సంచులే. ఒక్కటి మాత్రం పెద్దది. ఆటలో వాన పడితే ఇంగ్లీషు ఆయన తీరిగ్గా, సుదీర్ఘంగా మాట్లాడాడు. ఆ జాగాలో ఓదెలు వాన సంగతి చెప్పి ముగించినా ఇంకా సగం ఖాళీ మిగిలింది.

సరిగ్గా అప్పుడే అతని భార్య భాగ్య షట్టరు కిందినుంచి వంగి లోపలికొచ్చింది. చంకలో ఏడాది పిల్ల లాస్య గుక్కపట్టి ఏడుస్తోంది. ఓదెలు మైకు ముందునుంచి లేవకుండానే పిల్లవైపు తిరిగి రెండు మాటలు అన్నాడు. సదానందం రికార్డింగు ఆపడం మరిచిపోయాడు. తరువాత సంచిలో పట్టిందా లేదా అని చూశాడే తప్ప, చివరిదాకా వినలేదు. ఎవరు వింటారు లెమ్మనుకుని ఉంటాడు. వాన కోరుకుని క్రికెట్ ఆడేవాడు ఎవడైనా ఉంటాడా?

నాలాంటి కాపీలు ఊరంతా తిరిగాయి. నా మీద స్కెచ్చు పెన్నుతో 'ఓదెలన్నకు' అని రాసి, నన్ను అతనికే ఇచ్చాడు సదానందం. ఇంట్లో గేమ్ మిషన్ లేకపోయినా ఓదెలు నన్ను బీరువాలో, చీరల మధ్య పెట్టించాడు. ఉత్త డిస్కుకు పట్టుచీరల పొత్తు. ఆ వైభోగం మూన్నాళ్ళ ముచ్చటే అయింది.

మరుసటి ఏడు అతని గొంతులో గడ్డ లేచింది. ముందు బొంగురు అనుకున్నారు, మిరియాల పాలు తాగించారు. హైదరాబాదు తీసుకెళ్ళేసరికి ఆలస్యమైంది. ప్రాణం దక్కింది గాని, గొంతు తీసేయాల్సి వచ్చింది. మెడ కింద చిన్న రంధ్రంతో ఓదెలు ఇంటికొచ్చాడు. దాని మీద ఎప్పుడూ ఒక తెల్లగుడ్డ కట్టి ఉండేది. మెడకు ఆనించి మాట్లాడే మిషన్ ఒకటి ఆసుపత్రిలో ఇచ్చారు. దాన్ని ఆనించి కూతుర్ని పిలిచాడు. ఆ గరగర విని లాస్య కెవ్వుమని తల్లి కొంగు చాటుకు పోయింది. ఆ రోజే మిషన్ తెచ్చి బీరువాలో నా పక్కన పెట్టేశాడు. మళ్ళీ తీయలేదు.

ఆటో మాత్రం అమ్మలేదు. మైకు విప్పేసి, నీళ్ళ క్యాన్లు వేసుకుని తిరిగాడు. ఊరంతటినీ మాటతో ఆపినవాడు ప్రతి గుమ్మం ముందూ హారన్ కొట్టి నిలబడేవాడు. నాకు కళ్ళు లేవు గాని, ఆ హారన్ బీరువాలోకి వినబడేది. చాలా బాధగా ఉండేది.

ఇంతలో అందరి చేతుల్లోకి ఫోన్లు వచ్చాయి. అద్దె కట్టి ఆడేవాళ్ళు కరువై సదానందం దుకాణం మూసేశాడు. కంప్యూటరు అమ్మి హైదరాబాదు పోతూ, ఎవరూ కొనని ఒక గేమ్ మిషన్ను ఓదెలు ఇంట్లో పెట్టి పోయాడు. అప్పటికి లాస్య రెండో తరగతి. మిషన్ కనబడగానే ఆడాలంది. ఇంట్లో ఉన్న డిస్కు నేనొక్కణ్ణే.

నన్ను పెట్టారు. బంతి పడింది, లాస్య ఏదో మీట నొక్కింది, వికెట్ ఎగిరింది. 'పాయె. ఇగ బ్యాటు సంకల పెట్టుకొని నడువు,' అన్నాను, అంటే ఓదెలు అన్నాడు. వంటింట్లో గిన్నె పడ్డ చప్పుడైంది. భాగ్య పిండి చేతులతోనే వచ్చి గడప మీద కూలబడింది.

"గీ మాట్లాడేటాయన ఎవరమ్మా?" అంది లాస్య.

"మీ బాపేనే."

పిల్ల తండ్రివైపు చూసింది, టీవీవైపు చూసింది. నమ్మలేదు. బడినుంచి వచ్చిన ప్రతిరోజూ ఆడి, ఆడి, చివరికి నమ్మింది. ఆ తరువాత ఆమె గెలవడానికి ఆడలేదు, తండ్రిని మాట్లాడించడానికి ఆడింది. సిక్సరు మాట కోసం గుడ్డిగా బ్యాటు ఊపేది. అది వచ్చిన రోజు తల్లి ఫోన్లో రికార్డు చేసి, వాడకట్టంతా తిరిగి వినిపించింది. "మా బాపు గొంతు," అని చెప్పుకునేది.

ఓదెలు కూడా కొత్త విద్య నేర్చాడు. మండుటెండలో పిల్ల బయటికి పోబోతే, ఆట రిమోట్ అందుకుని లేని పరుగుకు ఆటగాణ్ణి ఉరికించి, నడిమధ్యలో వెనక్కి తిప్పేవాడు, 'వద్దొద్దు, ఎన్కకు మర్లు' అనిపించడానికి. ఆ మాట వచ్చేసరికి పిల్ల వీధి మలుపు దాటేది. అయినా అతను మానలేదు. నవ్వాలో ఏడవాలో నాకు తెలిసేది కాదు. అయితే ఆ మాటలన్నీ మైకు మాటలే, ఊరందరివీ. ఆమె కోసమని అన్న మాట నాలో ఒక్కటే ఉంది. అది వాన సంచిలో ఉంది. నాకు తెలుసు, వాళ్ళకు తెలియదు. నా అంతట నేను నోరు విప్పలేను. అడగందే అమ్మయినా పెట్టదంటారు, నన్ను సరైన చోట అడగాలి కదా.

ఒక ఆదివారం భాగ్య ఫోన్ తీసుకుని పుట్టింటికి పోయింది. ఆట మొదలయ్యే ముందు వాతావరణం ఎంచుకునే చోట లాస్య చేయి జారి ఎండ బదులు మబ్బు మీద నొక్కింది. ఆట సగంలో తెరమీద చినుకులు మొదలయ్యాయి. 'ఇగ వాన షురువైంది. కవర్లు పట్టుకరండ్రి. ఆట ఆగింది,' అన్నాడు టీవీలో ఓదెలు. ఆ వెంటనే ఒక పసిపిల్ల ఏడుపు. ఆపై అదే గొంతు, కాని మైకు గొంతు కాదు, తగ్గించిన ఇంటి గొంతు:

'ఏడ్వకు బిడ్డా. నేనీడ్నే ఉన్న.'

లాస్య రిమోట్ కింద పెట్టేసింది. "బాపూ, ఆ ఏడ్చేది ఎవరు?"

ఓదెలు వేలు చూపించాడు, ఆమెవైపు. చాలాసేపు ఆ వేలు దించలేదు.

ఇక అప్పట్నుంచి ఆ ఇంట్లో అందరూ వాన కోసం ఆడారు. ఎప్పుడూ మబ్బే ఎంచుకునేవారు. భాగ్య ఫోన్ టీవీ పక్కన సిద్ధంగా ఉండేది. టీవీలో ఆ మాట విననిది ఆమె ఒక్కతే కాబట్టి అందరికంటే ఆత్రం ఆమెకే. కాని ఆటలో వాన ఎవరి మాటా వినదు. మబ్బు పట్టేది, చీకటయ్యేది, మళ్ళీ ఎండ కాసేది. బయట నిజం వాన పడుతున్న రోజుల్లో కూడా లోపల ఎండ కాసేది.

ఇటు నా పరిస్థితి చూస్తే అంచులు పాలిపోతున్నాయి. ఆ వాన సంచి ఉన్నది సరిగ్గా అంచులోనే. పాత మిషన్లో నన్ను చదివే కన్ను కూడా మసకబారింది, తిప్పి తిప్పి నా ఒంటిమీద గుండ్రంగా గీత పడింది. ఓదెలు నన్ను కంప్యూటర్ సెంటరుకు తీసుకెళ్ళాడు. అక్కడి మిషన్లు నన్ను మింగడం, కక్కడం తప్ప ఏమీ చేయలేకపోయాయి. సదానందానికి ఫోన్ చేస్తే, "కంప్యూటర్ అమ్మిననాడే అన్ని పోయినయ్ వదినా. ఒక్క కాపీ లేదు," అని భాగ్యతో చెప్పాడు. ఊళ్ళో తిరిగిన కాపీలు ఎప్పుడో అరిగి చెత్తలో కలిశాయి. మిగిలిన దారి ఒక్కటే. నేను పోయేలోపు ఒక్కసారి వాన పడాలి.

పడింది. దసరా సెలవుల్లో ఒక మధ్యాహ్నం, ముగ్గురూ ఇంట్లో ఉండగా తెర మసకబారి చినుకులు మొదలయ్యాయి. భాగ్య ఫోన్ నొక్కి టీవీ దగ్గర పెట్టింది, ఊపిరి బిగపట్టింది. 'ఇగ వాన షురువైంది,' అన్నాను. నా శక్తంతా పెట్టాను, నిజంగా పెట్టాను. 'కవర్లు,' అన్నాను. 'కవర్లు. కవర్లు. కవర్లు.' మిషన్ కన్ను నా అంచున తడుముకుంటూ తిరిగింది. అది వెతికే మాట నా మీదే ఉంది. అందించలేకపోయాను. తెర నల్లబడింది. మళ్ళీ పెట్టి చూశారు, తుడిచి పెట్టి చూశారు. మిషన్ నన్ను గుర్తుపట్టలేదు.

భాగ్య ఫోన్ తీసి ఒళ్ళో పెట్టుకుంది. లాస్య ఏడ్చింది. పెద్దపిల్లే, అయినా గుక్కపట్టి ఏడ్చింది, నా మీద ఉన్న ఆ ఏడుపే. ఓదెలు ఆమెను దగ్గరికి లాక్కున్నాడు. ఆమె గడ్డం పట్టి ముఖం పైకెత్తి, తన పెదవులు కనబడేలా పెట్టుకున్నాడు. తరువాత పెదవులు కదిపాడు, మెల్లగా, ఒక్కో మాట. చప్పుడు లేదు. మెడ దగ్గరి గుడ్డ మాత్రం గాలికి కొంచెం కదిలింది.

పిల్ల ఆ పెదవులనే చూసింది. ఒకసారి విని ఉన్న మాట కనుక పోల్చుకుంది.

"మల్ల అను," అంది.

అతను మళ్ళీ అన్నాడు.

"అమ్మా, నువ్వు సూడు. అదే మాట," అంది లాస్య. భాగ్య లేచి వచ్చి భర్త ఎదురుగా కూచుంది. ఏడాది పిల్లకు అన్న మాట అతను ముచ్చటగా మూడోసారి అన్నాడు. ఇన్నాళ్ళూ ఆ గొంతును మోసిన నన్ను, అప్పటికి అందరూ మరిచిపోయారు.

ఇప్పుడు నేను వాళ్ళ పెరట్లో జామచెట్టుకు దారంతో వేలాడుతున్నాను. నా తళుకు చూసి చిలుకలు భయపడతాయని భాగ్య నమ్మకం. మొదట్లో భయపడ్డాయి కూడా. ఇప్పుడు నా పక్కనే కూచుని కాయ కొరుకుతున్నాయి. నా మీద 'ఓదెలన్నకు' అన్న అక్షరాలు ఎండకు సగం పోయాయి. మాట మాత్రం పోలేదు. ఏ కన్నూ చదవలేకపోయినా అది నా అంచున అలాగే ఉందని నాకు తెలుసు.

నిన్న సాయంత్రం ఉరుములతో వాన పడింది. నేను తడుస్తూ గిరగిరా తిరిగాను. లోపల కరెంటు పోయింది. పిడుగు పడ్డ చప్పుడుకు లాస్య ఏడుపు వినిపించింది. ఎవరో అగ్గిపుల్ల గీసి దీపం వెలిగించారు. దీపం లేకపోతే ఆ ఇంట్లో తండ్రి మాట వినబడదు. నేను చెవులు రిక్కించాను. ఏ గొంతూ వినబడలేదు. కాసేపటికి ఏడుపు ఆగింది.