కొట్టేవాడి వేషం

ఫిరోజ్ అన్నను ఎవరు చంపారో మూడేళ్లయినా తేలలేదు. కొత్తకోట పక్కన మా ఊళ్లోనే ఉంటూ యూట్యూబ్ కామెడీ వీడియోల్లో నటించేవాడు. ఇరవై రెండేళ్లు. పత్తి మిల్లు వెనక బాటలో పోతుంటే ఎవరో తలమీద కొట్టారు.

ఎస్సై మారినప్పుడల్లా కేసు మళ్లీ మొదటికొస్తుంది. అంటే సీన్ రీకన్‌స్ట్రక్షన్, జరిగింది జరిగినట్టు అక్కడే మళ్లీ నటించి చూడటం. మొదటిసారి ఫిరోజ్ అన్నలా కానిస్టేబుల్ పర్వతాలు నడిచాడు. పొట్ట అడ్డమొచ్చి సరిగ్గా పడలేకపోయాడు. గొర్రెలతో వచ్చి పక్కన నిలబడ్డ నన్ను చూపించాడు.

"గీ గుర్వయ్య బిడ్డ సన్నగుంది సార్. ఎక్వ మాట్లాడది గూడ. శవానికి మాటలెందుకు?"

వద్దనడానికి నాకు నోరు రాలేదు, నాకున్నదల్లా రోజూ నోటుబుక్కులో రాసుకునే అలవాటే. అప్పటినుంచి ఆ వేషం నాదే.

కొట్టిందెవరో తెలియదు కాబట్టి ఆ వేషానికి ఎవర్నీ పెట్టలేదు. ఎవరూ కొట్టకుండానే నేను పడాలి. పర్వతాలు నా చుట్టూ సున్నం గీస్తాడు. రెండోసారికి ఊరు ఊరంతా వచ్చింది. మూడోసారి ఎల్లేశం మిర్చి బండి పెట్టాడు. పోయినసారికన్నా బాగా పడ్డానని మెచ్చుకున్నారు. నాకు లోపల సంతోషమైంది, తర్వాత సిగ్గేసింది. ఫిరోజ్ అన్న తల్లి హలీమా అత్త మాత్రం ప్రతిసారీ ఒకటే అడిగేది, నా కొడుకును కొట్టిందెవరని. అది తర్వాత చూస్తామనేవాళ్లు.

మొన్న నాలుగో ఎస్సై వచ్చాడు. హలీమా అత్త ఫిరోజ్ అన్న చొక్కా తెచ్చి నాకు తొడిగింది. బాటలో నడిచి, పడాల్సిన చోట ఆగిపోయాను.

"వడు," అన్నాడు పర్వతాలు.

"ఎవరు కొట్టకుంటె ఎట్ల వడాలె సార్?"

ఎస్సై ఆలోచించాడు. నిజమే, కొట్టేవాడు ఉండాలన్నాడు. ఎవరైనా ఒకరు వచ్చి కట్టె పట్టుకుని నా వెనక నిలబడితే చాలన్నాడు, ఉత్త నటనే కదా అన్నాడు.

ఎల్లేశానికి ఇంట్లో పొయ్యి ఆర్పలేదని గుర్తొచ్చింది. సర్పంచి మోగని ఫోను చెవికి పెట్టుకుని నడిచాడు. మిల్లు అరుగు మీది ముసలోళ్లందరికీ ఒకేసారి మందుబిళ్లల వేళయింది. పర్వతాలు తాను యూనిఫాంలో ఉన్నానన్నాడు. కాసేపట్లో బాట ఖాళీ.

హలీమా అత్త పోతున్నవాళ్ల వీపులు చూస్తూ నిలబడింది. తర్వాత నా దగ్గరికొచ్చింది.

"నువ్వు రోజూ రాసుకుంటవు గద బేటా. ఎవరెవరు పోయిన్రో రాయి."

నోటుబుక్కు తీసి అక్కడే కూర్చుని రాశాను. నలభై మూడు పేర్లయ్యాయి. గొర్రెలను తోలుకుని పోయిన మా బాపు పేరు కూడా రాశాను.