సరిపోయిన కిడ్నీ

కూరగాయ ముక్కలు ఉడకబెట్టి, ఆ నీళ్లు వంపేసి, మళ్లీ ఉడకబెట్టి వండటం నాకు అలవాటైపోయింది. కిడ్నీలు చెడిపోయిన మనిషి ఒంట్లో పొటాషియం పేరుకుంటే గుండెకే ముప్పు. అందుకని సారమంతా సింకులో పోసి, పిప్పి మా ఆయనకు పెడతాను. "ఈ గడ్డి నేను తినలేను తల్లీ," అని అత్తగారు వేరే కూర చేయించుకుంటారు. రెండు వంటలూ నావే.

ఆ సాయంత్రం నీళ్లు వంపుతుంటే మా మరిది అరటిపళ్లు పట్టుకుని వచ్చాడు. వాళ్లన్నకి అరటిపండు విషంతో సమానమని ఇన్నాళ్లయినా ఆ బుర్రకి ఎక్కలేదు. నవ్వొచ్చింది.

"వదినా, మీ రుణం ఈ జన్మలో తీర్చుకోలేను," అన్నాడు కళ్లనీళ్లతో. "నా కిడ్నీ సరిపోయిందని డాక్టర్ చెప్పినప్పుడు నాకు నిద్ర పట్టలేదు. నువ్వొద్దురా, మీ వదిన ఉందిగా అని అన్నయ్యే అన్నాడు."

వేడి గిన్నె అంచు తగిలి వేలు చుర్రుమంది. ఆయన నాతో చెప్పింది వేరు. ఇంట్లో ఎవరిదీ సరిపోలేదనీ, ఇక నువ్వే దిక్కనీ నా చెయ్యి పట్టుకుని ఏడ్చారు. పెళ్లయినప్పటినుంచీ నా ముందు కంటతడి పెట్టని మనిషి. ఆ ఏడుపుకే కరిగిపోయి పరీక్షలన్నీ చేయించుకున్నాను. సోమవారమే ఆపరేషన్.

"మీకు తెలుసనుకున్నా," అని మరిది నీళ్లు నమిలాడు.

గదిలోకి వెళ్లి అడిగాను. "మీ తమ్ముడిది సరిపోయిందట?"

ఆయన దుప్పటి సర్దుకున్నారు. "వాడు బరువులెత్తి బతికేవాడు. పిల్లలు చిన్నవాళ్లు. నీదంటే కూర్చుని చేసే ఉద్యోగం."

నేను బడిలో సైన్సు చెబుతాను. సాయంత్రానికి కాళ్లు పొంగి చెప్పుల్లో పట్టవు. మా పిల్లలకీ ఇంకా జడలు వేసేది నేనే.

"అడిగితే ఇచ్చేదాన్నిగా? అబద్ధం ఎందుకాడారు?"

"ఎలాగూ ఇచ్చేదానివే అయినప్పుడు ఈ రాద్ధాంతం దేనికి?"

పక్కగదిలోంచి అత్తగారు అందుకున్నారు. "పెళ్లాం ఉండగా తోడబుట్టినవాణ్ని కోయిస్తారా ఎవరైనా!"

మర్నాడు పదో తరగతికి చెప్పాల్సిన పాఠం, నా ఖర్మ కొద్దీ, అదే. కిడ్నీలో రక్తాన్ని వడకట్టే లక్షల నెఫ్రాన్లలో ఒక్కదాన్ని బోర్డు మీద పెద్దగా గీశాను. రక్తం ఒత్తిడితో సన్నటి నాళాల ఉండలోకి వస్తుంది. రక్తకణాలు, ప్రొటీన్లు అక్కడే ఆగిపోతాయి. నీళ్లు, చక్కెర, ఉప్పు, మలినాలు అన్నీ కలిసి గొట్టంలోకి దిగిపోతాయి. ముందు బెంచీ అమ్మాయి లేచింది. "మలినాల్ని మాత్రమే తీసేయొచ్చు కదా టీచర్! చక్కెరని కూడా ఎందుకు పోనివ్వడం?"

"పోనిచ్చి ఊరుకోదమ్మా. ఆ గొట్టం పొడుగునా ఒంటికి కావలసినవన్నీ వెనక్కి లాక్కుంటుంది. వడకట్టిన నీళ్లలో నూటికి తొంభై తొమ్మిది పాళ్లు తిరిగి రక్తంలోకే. మిగిలిందే మూత్రం."

చెబుతూ చెబుతూనే నాకు ఒళ్లు మండిపోయింది. ఈ ఇంట్లో నేను పోనివ్వడమేగానీ వెనక్కి లాక్కున్నది ఏముంది? నా జీతం పోయింది, నిద్ర పోయింది, చదవాలనుకున్న పై చదువు పోయింది. ఎవరూ మెడ మీద కత్తి పెట్టలేదు, అన్నీ ఇష్టంగానే ఇచ్చాను. కిడ్నీ కూడా అలాగే ఇచ్చి ఉండేదాన్ని. ఆ ఇష్టాన్ని కూడా నమ్మలేక నా మొగుడు నన్ను మోసం చేశాడు. సుద్దముక్క విరిగితే ఇంకోటి తీసుకుని పాఠం పూర్తిచేశాను.

ఆపరేషన్‌కి ముందు ఆసుపత్రిలో దాతతో ఒంటరిగా మాట్లాడటం నియమం. ఆయనా అత్తగారూ బయట బెంచీ మీద కూర్చున్నారు. డాక్టరమ్మ తలుపు వేసింది.

"మీ ఇష్టంతోనే ఇస్తున్నారా?"

"ఇష్టంతోనే ఇద్దామనుకున్నానండి. ఇప్పుడు లేదు."

ఆవిడేం ఆశ్చర్యపోలేదు. ఇలాంటివి చాలా చూసినట్టుంది. "భయపడకండి. మీరు ఇవ్వనన్నారని మేం బయటికి చెప్పం. చివరి పరీక్షలో మీది సరిపోలేదని చెబుతాం. మిమ్మల్ని ఎవరూ పల్లెత్తు మాట అనరు."

తలుపు అద్దంలోంచి ఆయన పాలిపోయిన మొహం కనిపిస్తోంది. ఆయన బతకాలనే నాకుంది. తమ్ముడున్నాడు. కానీ వాణ్ని ఆయనే నోరు తెరిచి అడగాలి.

"వద్దండి," అన్నాను. "సరిపోయిందనే చెప్పండి. ఇవ్వనన్నది నేనని చెప్పండి."