వెనకాల వంగే మనిషి

తీగ మీద బట్టలు ఆరేస్తూ క్లిప్పుల బుట్టలో చెయ్యి పెట్టిన ఆమె బుట్టంతా తడిమి చూసింది. అడుగున దాచుకునే పెన్‌డ్రైవ్ లేదు. పొద్దున భర్త బ్యాగులో డబ్బా, నీళ్ళ సీసా, ఛార్జరు అన్నీ గుర్తుపెట్టుకుని సర్దిన మనిషి, లాప్‌టాప్‌కి గుచ్చిన ఆ ఒక్కదాన్నీ తియ్యడం మరిచిపోయింది. అది ఇప్పుడు ఆయనతోపాటు ఆఫీసుకు వెళ్ళింది.

అందులో ఉన్నది దొంగసొత్తేమీ కాదు. పెళ్ళికి ముందు స్టూడియోలో పనిచేసేటప్పుడు ఆమె బొమ్మల్ని కదిలించడం నేర్చుకున్న పాత యానిమేషన్ సాఫ్ట్‌వేర్, కంప్యూటర్లో ఎక్కించకుండానే నడిచే దాని పోర్టబుల్ వెర్షన్. తయారుచేసినవాళ్ళు ఎప్పుడో దాన్ని ఊరికే తీసుకోమని వదిలేశారు. అయినా ఆనాటి స్నేహితురాళ్ళెవరూ దాన్ని వదల్లేదు. కొత్తవాటికి కొత్త కంప్యూటరు కావాలి, నెట్ కావాలి, అకౌంటు కావాలి. ఇది ఏమీ అడగదు. గుచ్చితే తెరుచుకుంటుంది, చెయ్యి ఎటు తిరిగితే గీత అటే తిరుగుతుంది, తీసేస్తే వచ్చిపోయిన ఆనవాలు కూడా ఉండదు. "నా లాప్‌టాప్‌లో ఏవీ ఎక్కించకు, అది ఆఫీసుది" అన్న భర్త మాట జవదాటకుండానే, ఆయన స్నానం ముగించేలోపు నాలుగు గీతలు గీసుకునేది. ఆనవాలు మిగల్చకుండా బతకడం ఆమెకు కొత్తేమీ కాదు. ఒకసారి అత్తగారు చూసి "పిల్లతల్లివి, ఇంకా ఈ బొమ్మలాటలేమిటమ్మా" అన్నప్పట్నుంచీ మాత్రం ఆ నాలుగు గీతలకీ సిగ్గుపడుతూనే ఉంది.

ఇప్పుడైతే ఆ సిగ్గు నిలువునా దహించేస్తోంది. ఆ పెన్‌డ్రైవ్‌లోనే ఆమె వేసి దాచుకున్న బొమ్మ కూడా ఉంది. అందులో ఒకాయన పొట్ట ముందేసుకుని, తువ్వాలు, సాక్సులు, కప్పు ఎక్కడివక్కడ పడేస్తూ ఇల్లంతా తిరుగుతాడు. వెనకాల ఒకావిడ వంగి అన్నీ ఏరుకుంటూ వస్తుంది. ఆ వంగిన నడుము కుదరడానికే నెలలు పట్టింది.

సాయంత్రం భర్త వెంట ఆఫీసు స్నేహితుడు కూడా వచ్చాడు. టీ కప్పు అందుకుంటూనే మొదలుపెట్టాడు.

"మీటింగులో పెద్ద తెర మీద పడింది వదినగారూ! అందరం ఒకటే నవ్వు. అచ్చం వీడి నడకే! పాప వేసిందట కదా? వెనకాల ఏరుకుంటూ వచ్చే ఆ పనిమనిషైతే అదిరిపోయింది!"

"మా అమ్మాయికి బొమ్మలంటే పిచ్చి" అన్నాడు భర్త. ఆమె వైపు తిరిగి "ఏం?" అన్నాడు.

ఆ "ఏం?" ఎలాంటిదో ఆమెకు బాగా తెలుసు.

"అవునండీ, పాపే" అంది. నోటికి అంత తేలిగ్గా ఎలా వచ్చిందో!

కూతురు వంటింట్లోకి వెంటబడి వచ్చింది.

"నేను వెయ్యలేదుగా అమ్మా."

"ఊరుకో."

"మరి ఇంకోటి వేసి చూపించమంటే?"

ఆమె పిల్ల మొహంలోకి చూడలేకపోయింది. బొమ్మలేసుకున్నందుకు ఇన్నాళ్ళు సిగ్గుపడిందే, అది అసలు సిగ్గే కాదు. అసలు సిగ్గంటే ఇది. తన పనిని తనే కాదనుకుని, ఆ అబద్ధాన్ని పిల్ల నెత్తిన పెట్టింది.

భర్త కప్పులు పెట్టే వంకతో లోపలికొచ్చి గొంతు తగ్గించాడు. "పరువు కాపాడాను. నువ్వేశావని తెలిస్తే నేను తలెక్కడ పెట్టుకోను?"

ఆమె తడి చేతులు తుడుచుకోకుండానే ముందుగదిలోకి వచ్చింది. స్నేహితుడు గుమ్మంలో బూట్లు వేసుకుంటున్నాడు.

"అన్నయ్యగారూ, ఆ బొమ్మ వేసింది పాప కాదు, నేను."

వెనకాల భర్త గట్టిగా దగ్గాడు. స్నేహితుడు ఒక కాలికి బూటుతో అలాగే నిలబడిపోయాడు. ఆమె ఆగలేదు.

"ఆ వంగి ఏరే ఆవిడ పనిమనిషి కాదండీ. అదీ నేనే."