పద్నాలుగో ఆట

పదమూడు ఆటలాడి పదమూడూ ఓడిన జట్టుకి కెప్టెనుగా ఉండటం ఎంత కష్టమో గోపికని అడగాలి. ఒకటి రెండు ఓడితే జనం తిడతారు. నాలుగైదు ఓడితే నవ్వుతారు. పది దాటాక జాలిపడటం మొదలుపెడతారు, అసలు చిక్కు అక్కడే ఉంది. నరసరావుపేటలో టిఫినుకి వెళితే హోటలాయన "పోన్లే అమ్మా, ఇంకో ఇడ్లీ ఏసుకో" అంటాడు. ఆ ఇడ్లీ గొంతు దిగదు. తిట్టిన రోజులే నయమని గోపిక చాలాసార్లు అనుకుంది.

జట్టు పేరు నాగులేరు క్వీన్స్. ఆడపిల్లలకి నెలజీతాలిచ్చి బాస్కెట్‌బాల్ ఆడించే లీగు ఒకటి రాష్ట్రంలో కొత్తగా మొదలైంది. ఎనిమిది జట్లకి వేలం పెడితే, జిన్నింగు మిల్లు త్రికోటేశ్వరరావు గారు పల్నాడు జట్టుని పాడుకొచ్చారు. బాస్కెట్‌బాల్ గురించి ఆయనకి తెలిసిందల్లా బంతి గుండ్రంగా ఉంటుందన్నంత వరకే. ఎడ్ల పందేల సంగతి మాత్రం ఆయనకి తెలిసినంత ఇంకెవరికీ తెలియదు. అందుకని బండ లాగే ఎడ్లని మేపినట్టే ఈ అమ్మాయిల్నీ మేపాలని నిశ్చయించుకున్నారు. పొద్దున్నే మిల్లు నుంచి క్యారియర్ల నిండా ఉలవ గుగ్గిళ్ళు వచ్చేవి. ఆట ఉన్న రోజు ఇంకో క్యారియర్ ఎక్కువ.

మైకులో చెప్పడానికి కూడా పందేల దగ్గర చెప్పే పుల్లయ్యనే పిలిపించారు. "అయ్యా, మాచర్ల గోపికమ్మ బంతి పట్టింది! లాగింది! లాగింది! ఇంకొక్క అడుగే!" అని పుల్లయ్య హాలు అదిరిపోయేలా అరుస్తుంటే, ఎదుటి జట్టు అమ్మాయిలు నవ్వాపుకోలేక బంతి జారవిడిచిన రోజు కూడా ఉంది. ఆ రోజూ క్వీన్స్ గెలవలేదు.

మిల్లువాళ్ళ పాత బస్సులో విశాఖపట్నం పోయి ఓడారు. కర్నూలు పోయి ఓడారు. తిరుపతిలో కొండెక్కి దండం పెట్టుకుని మరీ ఓడారు. బస్సులో వెనక్కి వచ్చేటప్పుడు కోచ్ రఫీక్ సారు ముందు సీట్లో కూర్చుని కాగితం మీద బొమ్మలు గీసుకుంటూ, కొట్టేసుకుంటూ ఉండేవారు. గోపిక వెనక పొడుగు సీట్లో కాలు చాపుకుని, మోకాలి మీద ఐసు సంచి పెట్టుకుని, అది కరిగి సీటంతా తడిసేదాకా అలాగే ఉండేది.

ఆ మోకాలు ఇక పనికిరాదని డాక్టరు ముందే చెప్పేశాడు. ముప్ఫై మూడేళ్ళ వయసు, ఆరడుగుల మనిషి. పదిహేడేళ్ళుగా ఏయే ఊళ్ళ జట్లకో ఆడిన మనిషి. "ఈ సీజనుతో ఆపెయ్యమ్మా, లేకపోతే మెట్లెక్కడం కూడా మర్చిపోవాలి" అన్నాడు. సరేనంది. ఆట మానేయాల్సి వచ్చిందని ఆమె ఏడవలేదు. ఏడుపొచ్చింది వేరే దానికి.

వాళ్ళమ్మ నాగమ్మకి మాచర్ల దగ్గర నాపరాళ్ళ క్వారీలో పని. మొగుడు గురవయ్య పోయాక కూడా అదే పని. కూతురు ఎక్కడో ఆడి గెలిచిందని ఫోనులో వినడమే తప్ప కళ్ళతో చూసింది లేదు. ఇప్పుడు జట్టు నరసరావుపేటలోనే ఉంది కదా అని, ఇక్కడ జరిగిన ఆరు ఆటలకీ బస్సెక్కి వచ్చింది. ఆరూ ఓటములే చూసింది. ఆరో ఆట అయ్యాక నాగమ్మ కూతుర్ని పక్కకి పిలిచి, నిజంగానే తెలుసుకుందామని అడిగింది.

"ఏమే, ఇంట్లో ఉన్న ఆ కప్పులన్నీ నువ్వు గెలిచినయ్యేనా? కొనుక్కొచ్చావా ఏంది?"

గోపిక నవ్వింది. గదికి వెళ్ళి తలుపేసుకుని ఏడ్చింది. గెలుపులు లేక కాదు, ఉన్నాయి. అన్నీ పరాయి ఊళ్ళలో, పరాయి వాళ్ళ ముందు. ఒక్కటి, ఒక్కటంటే ఒక్కటి వాళ్ళమ్మ చూస్తుండగా గెలిచి దిగిపోవాలి. అంతకుమించి ఆమె దేవుణ్ణి ఏమీ అడగలేదు. మిగిలింది పద్నాలుగో ఆట. అది ఇక్కడే, కాకినాడ జట్టుతో.

జట్టులో ప్రశాంతి అనే పంతొమ్మిదేళ్ళ పిల్ల ఉంది. ముప్పాళ్ళ దగ్గర మిరపతోటల వాళ్ళ అమ్మాయి. దూరం నుంచి బంతి వేయడంలో ఆ పిల్లకి ఉన్న చెయ్యి ఈ లీగులోనే ఎవరికీ లేదు. కాకపోతే గుండె చిన్నది. తప్పు చేస్తే రెండ్రోజులు అన్నం తినదు. ఐదో ఆటలో బంతి పొరపాటున ఎదుటి వాళ్ళకిచ్చేసిందని, తెల్లారి బ్యాగు సర్దుకుని ముప్పాళ్ళ బస్సెక్కేసింది. గోపికే కుంటుకుంటూ బస్టాండుకి పోయి, బస్సులోంచి దించుకొచ్చింది. "తప్పులు చేసినోళ్ళందరూ ఇళ్ళకి పోతే నేను పదిహేడేళ్ళ కిందే పోవాల్సింది, దిగవే" అని.

పద్నాలుగో ఆట మధ్యాహ్నం మూడింటికి మొదలైంది. జనం ఓ మాదిరిగా వచ్చారు. గోపికకి ఇదే ఆఖరి ఆటని తెలిసి త్రికోటేశ్వరరావు గారు శాలువా తెప్పించి కుర్చీ మీద పెట్టుకున్నారు. నాగమ్మ రెండో వరసలో, కొంగు నడుముకి దోపుకుని, పనిలోకి వచ్చినట్టే కూర్చుంది.

ఏ దేవుడు కరుణించాడోగాని, ఆ రోజు అన్నీ కుదిరాయి. ప్రశాంతి వేసింది వేసినట్టు పడుతోంది. గోపిక మోకాలు నొప్పి పుడుతూనే మాట వింటోంది. సగం ఆటకి క్వీన్స్ ఐదు పాయింట్లు ముందున్నారు. పుల్లయ్య గొంతు పోయి, ఎవరో ఇచ్చిన మజ్జిగ తాగి మళ్ళీ మొదలుపెట్టాడు. తర్వాత మామూలే. అలిసిపోయారు, కాకినాడ వాళ్ళు ఒక్కొక్కటే లాక్కుంటూ వచ్చారు. చివరికి అరవై ఒకటి, అరవై. క్వీన్స్ ఒక్క పాయింటు వెనక. గడియారంలో ఐదు సెకన్లు. బంతి మాత్రం క్వీన్స్ చేతిలోనే ఉంది.

ప్రశాంతి లోపలికి, గోపిక వైపు బంతి విసిరింది. మధ్యలో కాకినాడ అమ్మాయి చెయ్యి అడ్డం పెట్టింది. బంతి ఆ చేతికి తగిలి పక్కకి ఎగిరి, కోర్టు హద్దు గీత వైపు దొర్లుకుంటూ పోయింది. దగ్గరలో ప్రశాంతి తప్ప ఎవరూ లేరు. ఆ పిల్ల పరిగెత్తింది.

గోపిక అంతా స్పష్టంగా చూసింది. ఆఖరున తగిలింది కాకినాడ చెయ్యి. బంతి గీత దాటిపోతే మనకే వస్తుంది, గడియారం ఆగుతుంది, ఇంకా నాలుగు సెకన్లుంటాయి. నాలుగు సెకన్లు చాలు. బుట్ట కింద నిలబడి బంతి అందుకోవడం, ఎడమకి తిరగడం, వేయడం. పదిహేడేళ్ళుగా ఆమె కళ్ళు మూసుకుని చేసిన పని అది.

"ఒదులు! ఒదులు!" అని అరిచింది.

ఇక్కడ ఈ మాట సంగతి చెప్పాలి. గోపిక పుట్టి పెరిగిన క్వారీలో నలుగురు కలిసి బండ లేపుతారు. బండ జారిందంటే చూసినవాడు ఒకే మాట అరుస్తాడు, ఒదులు అని. అరిచిన వెంటనే నలుగురూ చేతులు తీసెయ్యాలి. ఆలస్యం చేస్తే వేళ్ళు మిగలవు. పోనివ్వు, ముట్టుకోకు అన్నదే గోపికకి తెలిసిన అర్థం, చిన్నప్పటి నుంచీ ఒంటికి పట్టిన అర్థం. ప్రశాంతికి ఆ మాట నేర్పింది రఫీక్ సారు. బంతిని పసిబిడ్డని ఎత్తుకున్నట్టు పట్టుకుని వేయడానికి జంకే పిల్లని, సీజనంతా "ఒదులమ్మా, ఒదులు! చేతిలోంచి ఒదిలితేగా బుట్టలో పడేది!" అని అరిచి అరిచి ఆయన దారికి తెచ్చారు. ఒదులు అంటే కొట్టు. ఆ పిల్లకి ఇంకో అర్థం ఎవరూ చెప్పలేదు.

ప్రశాంతి గీతకి ఒక్క అడుగు ఇవతల బంతిని ఒడిసిపట్టింది. ఒంటి కాలి మీద, పడిపోతూ పడిపోతూ, బుట్ట కూడా సరిగ్గా కనపడని మూల నుంచి కొట్టింది. బంతి బోర్డు అంచుకి తగిలి ఎక్కడికో పోయింది. సైరను మోగింది.

పద్నాలుగు ఆటలు. పద్నాలుగూ.

కాకినాడ అమ్మాయిలు ఒకరి మీద ఒకరు పడి గంతులేస్తున్నారు. గోపిక ఉన్నచోటే నిలబడిపోయింది. రెండో వరస వైపు చూడటానికి మొహం చెల్లలేదు. ఈలోపు త్రికోటేశ్వరరావు గారు శాలువా చేత్తో పట్టుకునే కోర్టులోకి వచ్చేశారు. ఆట తెలియకపోయినా పక్కన కూర్చున్నవాళ్ళు ఆయనకి సంగతి చెప్పేశారు.

"ఏమ్మా, బంతి బయటికి పోతే మనదేనంట గదా! ఎందుకు పట్టుకున్నావు? ఎవరు పట్టుకోమన్నారు నిన్ను? ఇన్నాళ్ళూ మేపింది ఇందుకేనా?"

ప్రశాంతి రెండడుగులు వెనక్కి వేసింది. "అక్క... అక్క ఒదులంది సార్" అంది. ఆ మాట అన్నాక దానికే అనుమానమొచ్చింది. గోపిక మొహం చూసింది. ఏం విన్నానో, ఏం చేశానో అన్న భయం ఆ పిల్ల కళ్ళలోకి మెల్లగా దిగడం గోపికకి కనపడింది.

రఫీక్ సారు గోపిక వైపు తిరిగారు. "ఏ ఒదులమ్మా? కొట్టమనా, పోనీయమనా?"

నిజం చెప్పడానికి ఒక్క మాట చాలు. చెబితే తప్పు తనది కాదు. పదిహేడేళ్ళ ఆటగత్తె సరిగ్గానే చూసింది, సరిగ్గానే చెప్పింది, కుర్రపిల్ల తప్పు విన్నదని ఊరంతా అంటుంది. గెలుపు ఎలాగూ పోయింది, పేరైనా మిగులుతుంది. కానీ రేపు పొద్దున ముప్పాళ్ళ బస్సులో ఈ పిల్ల ఉంటుంది. ఈసారి దించుకురావడానికి జట్టులో తనుండదు.

"కొట్టమనే సార్" అంది గోపిక. "టైం అయిపోయిందనుకున్నా. నేను కొట్టమన్నా, అది కొట్టింది. తప్పు నాది."

రఫీక్ సారు చేతిలో కాగితం మడిచి జేబులో పెట్టుకున్నారు. త్రికోటేశ్వరరావు గారు మాత్రం ఊరుకోలేదు. "ఇన్నేళ్ళు ఆడావు, గడియారం చూడటం రాదా అమ్మా నీకు?" అన్నారు. పుల్లయ్య మైకు ఇంకా ఆపలేదు. "అయ్యా, కెప్టెను గోపికమ్మే కొట్టమందంట, పిల్ల కొట్టిందంట! పొరపాటు కెప్టెనుదే!" అని హాలందరికీ చాటింపు వేసేశాడు. వెనక వరసల్లోంచి ఎవరో "వయసైపోయిందిలే, కళ్ళు ఆనటంలా" అన్నారు. ఇంకెవరో నవ్వారు. తెచ్చిన శాలువాని వెనక్కి తీసుకుపోలేక త్రికోటేశ్వరరావు గారు దాన్ని గోపిక భుజాల మీద కప్పి వెళ్ళిపోయారు. ఫోటో కూడా ఎవరూ తీయలేదు.

హాలు ఖాళీ అవుతోంది. ప్రశాంతి వచ్చి బెంచీ దగ్గర నిలబడింది. "నేను సరిగ్గానే విన్నా కదక్కా?"

"సరిగ్గానే విన్నావు."

"పడుంటే గెలిచేవాళ్ళం."

"పడేదే. కాలు జారింది నీకు."

"వచ్చే సీజనుకి ఆ మూల నుంచి రోజుకి వంద కొడతానక్కా" అంది. దాని మొహంలోకి కాస్త రక్తం వచ్చింది. వచ్చే సీజను అన్న మాట దాని నోట రావడమే గోపికకి కావలసింది. పిల్ల బ్యాగు భుజాన వేసుకుని మిగతా వాళ్ళతో కలిసి పోయింది.

గోపిక మోకాలి కట్టు విప్పుకుంటూ కూర్చుంది. వేళ్ళు కూడా అలిసిపోయాయి, ముడి రావడం లేదు. నాగమ్మ మెట్లు దిగి వచ్చి పక్కన కూర్చుంది. కూతురి చేతులు తోసేసి తనే ఆ ముడి విప్పింది. నాపరాళ్ళు మోసి మోసి మొద్దుబారిన వేళ్ళు.

"మనకాడ ఒదులంటే చెయ్యి తియ్యమనేగా" అంది నాగమ్మ, తల ఎత్తకుండా. "నాకినపడింది. నువ్వన్న పద్ధతిలోనే తెలిసింది. అట్నే అరిచేవోడు మీ నాయిన."

గోపిక వంగి బూటు లేసు లాగింది.

"అంతమందిలో అబద్ధమెందుకాడావే? తిట్టించుకోవాలని సరదానా?"

"ఏం చెయ్యమంటావు?" అంది గోపిక. "బండ కింద ఆ పిల్ల చెయ్యుందమ్మా, నేనెట్టా ఒదిలేది?"

నాగమ్మ చేతిలో కట్టు అలాగే ఆగిపోయింది. కాసేపటికి దాన్ని చుట్టి బ్యాగులో పెట్టింది. కూతురి భుజం మీంచి జారిపోతున్న శాలువాని లాగి, చెమట పట్టిన మెడ చుట్టూ సరిగ్గా కప్పింది.

"గెలవటం చూద్దామని వచ్చానే ఏడు మాట్లు" అంది. కొంగుతో ముక్కు తుడుచుకుంది. "లెయ్యి. నా బుజం పట్టుకో. మాచర్ల బస్సు పోద్ది."