కోత ముక్క

నగరిలో రైల్వేస్టేషన్‌కు పోయే దారిలో పాల్ అద్దాల అంగడి ఉండేది. వెంకటేశ్వరస్వామి పటానికైనా, ఏసుప్రభువు పటానికైనా, బీరువా తలుపుకైనా అద్దం కావాలంటే అందరూ అతని దగ్గరికే వచ్చేవాళ్లు. కోత కలంతో ఒక్క గీత గీసి, బల్ల అంచుకు ఆనించి వంచితే అద్దం అప్పడంలా విరిగేది.

భార్య నిస్సీ సత్యవేడు దగ్గర ఒక ఫ్యాక్టరీలో పని చేసేది. వారమంతా అక్కడే లోకేశ్వరి అనే తోటి కార్మికురాలితో ఒక గదిలో ఉండి, శనివారం సాయంత్రం బస్సుకు ఇంటికొచ్చేది. పెళ్లయి రెండేళ్లు. వారానికి ఒక్కరోజు కాపురం పాల్‌కు సరిపోయేది కాదు. మిగిలిన ఆరు రోజులూ ఆమె ఏం చేస్తూ ఉంటుందోనని అతని మనసు అక్కడే తిరిగేది.

ఒకరోజు పాత సామాన్లు కొని అమ్మే కుప్పయ్య జానెడు టేకు పెట్టె ఒకటి తెచ్చినాడు. లోపల రెండు అద్దాలు ఎదురెదురుగా ఉన్నాయి. వాటి నడుమ సన్నటి గాడి. ఒక అద్దం బీటలు వారింది.

"కార్వేటినగరం పక్క పాత మిద్దె పడగొడతా ఉంటే దొరికింది పాలూ. అద్దం మార్చి పెట్టు, తిరపతిలో ఎవరికన్నా చూపిస్తా," అన్నాడు. పోతూ పోతూ గడప దగ్గర ఆగినాడు. "ఆ ఇంటి ముసలాయన ఒక మాట చెప్పినాడప్పా. గాడిలో ఏమీ పెట్టబాకండి అన్నాడు. ఎందుకో చెప్పలేదు."

అద్దం మార్చినాక పాల్‌కు చెయ్యి ఊరుకోలేదు. బల్ల మీద పడి ఉన్న కోత ముక్క ఒకటి గాడిలో దూర్చినాడు. పెట్టెలో పొగ కమ్మినట్టయి, మెల్లగా ఒక గది తేటపడింది. క్షౌరశాలలో గంగాధరం ఎవరికో గడ్డం గీస్తున్నాడు. చప్పుడు లేదు. పోయిన వారం గంగాధరానికి పెద్ద అద్దం కోసిచ్చింది పాలే. గాడిలో పెట్టింది దాని అంచు. ముక్క ఇక్కడుంటే, మిగతా అద్దం చూసేదంతా ఇక్కడ కనిపిస్తుందన్నమాట.

కుప్పయ్య అడిగితే అద్దం ఇంకా దొరకలేదని చెప్పి, పెట్టెను అంగట్లోనే ఉంచుకున్నాడు. ఆ శనివారం నిస్సీ, "గదిలో మొహం చూసుకునేదానికి అద్దం లేదు, ఒకటి ఇయ్యి," అని అడిగింది. పాల్ మంచి అద్దం ఎంచి, ఒక పక్క వేలెడు వెడల్పు ముక్క కోసి దాచి, మిగతాదానికి చట్రం కట్టి ఇచ్చినాడు.

రెండు నెలలు చూసినాడు. ఆమె తల దువ్వుకునేది, లోకేశ్వరితో అన్నం తినేది, మోకాళ్ల మీద ప్రార్థన చేసేది. తప్పు పట్టేదానికి ఏమీ లేదు. అయినా చూపు మళ్లేది కాదు. ఒకరోజు ఆమె ఫోన్‌లో నవ్వుతూ మాట్లాడింది. ఆదివారం ఎవరితో అంత నవ్వుతా మాట్లాడినావని అడిగితే, "మా అమ్మతో," అని, "నేను నవ్వినట్టు నీకెట్ల తెలుసు?" అంది. పాల్ మాట మార్చినాడు.

తరువాతి వారం వచ్చినప్పుడు ఆమె కళ్ల కింద నలుపు దిగింది. "ఆ అద్దంలో ఎవరో ఉన్నట్టుండాది. నీడ మాదిరి. తుండుగుడ్డ కప్పి పెట్టినాను," అంది.

సోమవారం ఆమె బస్సెక్కిన వెంటనే ముక్కను గాడిలోంచి తీసి, సుత్తితో పిండి చేసి కాలవలో కలిపేసినాడు. ఇక చూడకూడదని మోకరించి ఒట్టు పెట్టుకున్నాడు.

గురువారం మధ్యాహ్నం ఫోన్ వచ్చింది. ఆ వారం రాత్రి షిఫ్టు కాబట్టి నిస్సీ గదిలోనే ఉంది. గొంతు సన్నగా ఉంది.

"తుండుగుడ్డ దానంతట అదే కింద పడింది. ఇంతకుముందు నీడ. ఇప్పుడు మొహం తేటగా ఉండాది. నువ్వే పాలూ. కూర్చోని నన్ను చూస్తా ఉండావు. రెప్ప వెయ్యడం లేదు."

"అద్దం వైపు చూడబాక. బయటికొచ్చెయ్. నేను వస్తా ఉండా."

అంగడికి తాళమేసి బండి తీసినాడు. నాగలాపురం దాటి సత్యవేడు చేరేసరికి మూడు దాటింది. నిస్సీ, లోకేశ్వరి మెట్ల మీద కూర్చొని ఉన్నారు. పాల్ ఒక్కడే లోపలికి పోయినాడు.

అద్దంలో ఆ గది లేదు. తన అంగడి ఉంది. తాళం వేసి వచ్చిన అంగట్లో, తన ముక్కాలిపీట మీద, తన చొక్కాతో, తనే కూర్చొని ఉన్నాడు. పాల్ చెయ్యెత్తినాడు. వాడు ఎత్తలేదు. ఒకసారి తేరిపార చూసి, పనిలో చెయ్యి ఆపినవాడు మళ్లీ మొదలుపెట్టినట్టు, వంగి అద్దం కోయసాగినాడు.

పాల్ బయటికొచ్చి మెట్ల కింద నిలబడి జరిగిందంతా చెప్పినాడు. లోకేశ్వరి లేచి పక్కకు పోయింది.

"రెండు నెలలా?" అంది నిస్సీ.

"ఊఁ."

"వాడెవడో నాకు తెలీదు. నువ్వు నాకు తెలుసు అనుకున్నా." లేచి కొంగు దులుపుకుంది. "నేను నీతో రాను. ఆ అద్దం తీసుకొని పో."

చీకటి పడకముందే పాల్ ఆ అద్దంతో నగరి చేరినాడు. వేసిన తాళం వేసినట్టే ఉంది. లోపల బల్ల మీద కోత ముక్కలు వరసగా పేర్చి ఉన్నాయి. వేలెడు వెడల్పువి, నలభైకి పైనే. అన్నీ తను అమ్మిన అద్దాలవే. పెట్టెను సుత్తితో ముక్కలు చేసినాడు. కోత ముక్కలు మాత్రం ఏ దెబ్బకూ పగల్లేదు.

మరునాటి నుంచి తను అద్దాలు అమ్మిన ఇళ్లకు ఒక్కొక్కటిగా తిరిగినాడు. అద్దం వెనక్కివ్వమంటే చాలామంది నవ్వినారు. నిస్సీ ఫోన్ ఎత్తుతుంది. కానీ ముందు వాళ్లిద్దరికే తెలిసిన సంగతి ఏదో ఒకటి అడిగి, జవాబు సరిగ్గా వస్తేనే మాట్లాడుతుంది. ఇంటికి రమ్మంటే మాత్రం ఫోన్ పెట్టేస్తుంది.

మగ్గాల వీధి చివర మునిరత్నమ్మ ఒక్కతే ఏమీ అడగలేదు. లోపలి నుంచి దుప్పటి చుట్టిన అద్దాన్ని తెచ్చి గడప మీద పెట్టింది.

"తీసుకొని పో నాయనా. నెల దినాలుగా మా మనవరాలు దానితో మాట్లాడతా ఉండాది."